సిగ్నల్ దగ్గర ఆగితే హీటెక్కుతోంది, రోడ్డెక్కితే మామూలే: ఫ్యాన్ మోటార్ మార్చాల్సిందేనా?

నల్లకారు
అందరికీ నమస్కారం. పెట్రోలు కారు, తొమ్మిదేళ్ల బండి. నెల రోజులుగా ఇదే తంతు. రోడ్డు ఖాళీగా ఉండి 60, 70లో పోతున్నంతసేపు టెంపరేచర్ ముల్లు సగం దగ్గర కదలకుండా కూర్చుంటుంది. ట్రాఫిక్‌లో ఇరుక్కుంటే చాలు, నాలుగైదు నిమిషాల్లో పైకి పాకడం మొదలెడుతుంది, సరిగ్గా అప్పుడే ఏసీ కూడా చల్లదనం పోయి ఉత్త గాలి కొడుతుంది. బండి కదిలితే రెండూ సర్దుకుంటాయి. మెకానిక్ ముందు కూలెంట్ (ఇంజిన్‌ని చల్లబరిచే నీళ్లు) మార్చాడు, తర్వాత థర్మోస్టాట్ మార్చాడు, ఇప్పుడు ఫ్యాన్ మోటార్ సెట్టు మొత్తం మార్చాలంటున్నాడు. మూడోసారి కూడా గుడ్డిగా డబ్బు పెట్టే ముందు ఇక్కడ అడుగుదామనిపించింది. మల్టీమీటర్ ఉంది, వాడటం మాత్రం అంతంతే.

స్పానర్ బాబాయ్
నువ్వు చెప్పిన లక్షణాల్లోనే సగం జవాబు ఉంది తమ్ముడూ. బండి వేగంగా పోతున్నప్పుడు ఎదురుగాలే రేడియేటర్‌లోంచి దూసుకుపోతుంది, ఫ్యాన్‌తో పనే ఉండదు. ఆగినప్పుడు, నెమ్మదిగా పాకుతున్నప్పుడు మాత్రమే ఫ్యాన్ కావాలి. అందుకే ఆగినప్పుడే హీటెక్కితే అనుమానం ఫ్యాన్ మీదకో దాని వైరింగ్ మీదకో పోతుంది. దీనికి తిరగబడి, వేగంగా పోతున్నప్పుడు హీటెక్కి ఆగితే తగ్గిందనుకో, అప్పుడు రేడియేటర్ లోపల పూడుకుపోయిందా, వాటర్ పంపు, హెడ్ గ్యాస్కెట్ (ఇంజిన్ పైభాగమైన హెడ్ కింద ఉండే సీలు) ఇలాంటివి చూడాలి. ఏసీ కండెన్సర్ కూడా రేడియేటర్ ముందే ఉంటుంది, దానికీ గాలి లాగేది ఆ ఫ్యానే. రెండూ ఒకేసారి డల్ అవుతున్నాయంటే గాలి అందట్లేదన్నమాట.

అయితే "ఫ్యాన్ తిరగట్లేదు" అనడం వేరు, "మోటార్ పోయింది" అనడం వేరు. ముందు రెండు సంగతులు చెప్పు. ఇంజిన్ చల్లగా ఉన్నప్పుడు స్టార్ట్ చేసి ఏసీ వేస్తే ఫ్యాన్ తిరుగుతోందా? ముల్లు బాగా పైకి వెళ్లాకైనా ఎప్పుడన్నా తిరిగిందా?

ఎల్‌బోర్డు
అన్నా, ఇదంతా ఎందుకు, థర్మోస్టాట్ పీకేసి పారేయండి. నా బండికి అదే చేశాను, ముల్లు పైకి రావడమే మానేసింది. టెన్షన్ లేదు.

స్పానర్ బాబాయ్
పైకి రావడం మానేసింది అంటే ఇంజిన్ అసలు వేడెక్కట్లేదని అర్థం బాబూ. థర్మోస్టాట్ మామూలుగా 82 నుంచి 92 డిగ్రీల మధ్య తెరుచుకుంటుంది, అప్పటిదాకా నీళ్లని ఇంజిన్‌లోనే తిప్పి త్వరగా వేడి చేస్తుంది. అది లేకపోతే బండిలోని కంప్యూటర్ ఇంకా చల్లగానే ఉందనుకుని పెట్రోలు ఎక్కువ పోస్తూనే ఉంటుంది. మైలేజీ చూసుకున్నావా ఈ మధ్య?

నీలి బానెట్
ఫ్యాన్ దాకా వెళ్లే ముందు కూలెంట్ మట్టం చూడండి. నేను ఒకసారి ఇలాగే ఫ్యాన్ తిరగట్లేదని సెన్సర్ మార్పించాను, రిలే (చిన్న కరెంటుతో పెద్ద కరెంటుని కలిపే స్విచ్) మార్పించాను, ఏం లాభం లేదు. చివరికి తేలిందేమిటంటే ఒక హోస్ క్లిప్ దగ్గర సన్నగా కారుతూ నీళ్లు తగ్గిపోయాయి. సెన్సర్ నీళ్లలో మునిగి ఉంటేనే దానికి వేడి సరిగ్గా తెలుస్తుంది. మట్టం తగ్గి దాని చుట్టూ గాలి చేరితే ఇంజిన్ మండిపోతున్నా అది తక్కువే చూపిస్తుంది, ఫ్యాన్ వెయ్యమని కంప్యూటర్‌కి చెప్పదు. మీకు ఈమధ్యే కూలెంట్ మార్చారు కదా, గాలి పూర్తిగా తియ్యకపోయినా ఇదే జరుగుతుంది.

ఇంజిన్ చల్లారాకే మూత తీయాలి సుమా. లోపల ప్రెషర్ మీద ఉంటుంది కాబట్టే 100 దాటినా నీళ్లు మరగవు, మూత తిప్పగానే ప్రెషర్ పోయి ఒక్కసారి మరిగి మొహం మీదకి చిమ్ముతాయి.

నల్లకారు
పొద్దున చల్లగా ఉన్నప్పుడు చూశాను, కూలెంట్ నిండుగా ఉంది, గాలి బుడగలేం లేవు.

బాబాయ్ గారూ, ఏసీ వేసి చూశాను, ఫ్యాన్ కదల్లేదు. అలాగే స్టార్టింగ్‌లో ఉంచేసి బానెట్ ఎత్తి నిలబడ్డాను. ముల్లు ముప్పావు దాకా వచ్చాక ఒక్కసారిగా విమానం లేచినట్టు పెద్ద చప్పుడుతో ఫ్యాన్ తిరిగింది! ఒక నిమిషంన్నర తిరిగి ఆగిపోయింది. ముల్లు దిగింది. మళ్లీ ఎక్కింది, మళ్లీ అదే చప్పుడు. ఇన్నాళ్లూ కారు లోపల కూర్చుని ఉండటం వల్ల ఆ చప్పుడు పక్క బండిదేమో అనుకున్నాను.

మీటరు మాస్టారు
అయితే మోటార్ బతికే ఉంది. మీ మెకానిక్‌ని కాస్త ఆగమనండి.

మీది రెండు స్పీడుల ఫ్యాన్. మామూలుగా 95, 100 డిగ్రీల దగ్గర తక్కువ స్పీడులో మొదలవ్వాలి, ఏసీ వేసినా అదే స్పీడు. అది సరిపోక వేడి ఇంకా ఎక్కితే పెద్ద స్పీడు. మీకు మొదటి మెట్టు పోయి రెండోది ఒక్కటే మిగిలింది. అందుకే ముల్లు అంత పైకి వెళ్లేదాకా ఏమీ జరగట్లేదు.

చాలా బండ్లలో రెండు స్పీడుల ఏర్పాటు ఇలా ఉంటుంది. బ్యాటరీ నుంచి పెద్ద ఫ్యూజు, 30 లేదా 40 ఆంపియర్లది. అక్కడి నుంచి రెండు రిలేలు. పెద్ద స్పీడు రిలే నేరుగా మోటార్‌కి 12 వోల్టులూ ఇచ్చేస్తుంది. తక్కువ స్పీడు రిలే మాత్రం మధ్యలో ఒక రెసిస్టర్ గుండా పంపిస్తుంది, అది కొంత వోల్టేజీ తినేస్తుంది కాబట్టి మోటార్ మెల్లగా తిరుగుతుంది. ఆ రెసిస్టర్ బాగా వేడెక్కుతుంది, అందుకే ఫ్యాన్ గాలే తగిలేలా దాన్ని ఫ్యాన్ చట్రానికి బిగిస్తారు. వాన నీళ్లూ బురదా పడేదీ అక్కడే, అందుకే ఎక్కువగా పోయేది కూడా అదే.

కొన్ని బండ్లలో రెసిస్టర్ ఉండదు. రెండు ఫ్యాన్లుంటే వాటినే ఒకదాని వెనక ఒకటి సిరీస్‌లో కలిపి మెల్లగా తిప్పి, తర్వాత విడివిడిగా ఫుల్ కరెంటు ఇస్తారు. ఇంకా కొత్తవాటిలో ఒక ఎలక్ట్రానిక్ మాడ్యూల్ కావలసినంత స్పీడులో తిప్పుతుంది, అక్కడ ఈ మెట్ల లెక్కే ఉండదు. మీ తొమ్మిదేళ్ల బండిలో ఫ్యాన్ చట్రం మీద రెండు వైర్లతో చిన్న డబ్బాలాంటిదో, బయటికి కనబడే తీగ చుట్టో ఉందేమో చూసి చెప్పండి.

పాత జీపు
ఇవన్నీ చదువుతుంటే నా బండి మీద ప్రేమ పెరిగిపోతోంది. రిలే లేదు, ఫ్యూజు లేదు, రెసిస్టర్ లేదు, ఇంజిన్‌కే బెల్టుతో తిరిగే ఫ్యాన్. మధ్యలో విస్కస్ క్లచ్ అని ఉంటుంది, అందులో సిలికాన్ ఆయిల్. రేడియేటర్ నుంచి వచ్చే గాలి వేడెక్కితే ముందున్న లోహపు స్ప్రింగు మెలితిరిగి ఆయిల్‌కి దారి ఇస్తుంది, అప్పుడు ఫ్యాన్ గట్టిగా పట్టుకుని తిరుగుతుంది. చల్లబడితే జారుతూ తిరుగుతుంది. ఆ ఆయిల్ కారిపోయిన రోజు మాత్రం మీ కథే నాదీ. ఇంజిన్ ఆపి చేత్తో తిప్పితే గాలిపంకాలా చాలాసేపు స్వేచ్ఛగా తిరుగుతూ పోతే క్లచ్ అయిపోయినట్టే, ముందు భాగంలో జిడ్డు చారలు కూడా కనిపిస్తాయి.

ఎల్‌బోర్డు
సరే థర్మోస్టాట్ మాట వదిలేయండి. ఫ్యాన్‌కి డాష్‌బోర్డు దగ్గర ఒక స్విచ్ పెట్టించుకుంటే పోలా? ట్రాఫిక్ రాగానే వేసుకోవడమే. లేదా తాళం తిప్పగానే ఎప్పుడూ తిరిగేలా డైరెక్టుగా కలిపేస్తారు, చాలామంది చేయించుకుంటున్నారు.

మీటరు మాస్టారు
డైరెక్టుగా కలిపితే ఇంజిన్ మరీ చల్లబడిపోతుందని కొందరు భయపెడతారు, నేను ఆ మాట అనను. థర్మోస్టాట్ ఉన్న బండిలో అంత చల్లబడదు. నా భయం వేరే. ఈ మోటార్ 15, 20 ఆంపియర్లు లాగుతుంది, మొదలయ్యే క్షణంలో దానికి కొన్ని రెట్లు. అంత కరెంటుని సన్నటి వైర్లతో, ఫ్యూజు లేకుండా, డాష్‌బోర్డులోని బుల్లి స్విచ్ గుండా తీసుకెళ్తే ఏదో ఒకరోజు కాలిన వాసన వస్తుంది. స్విచ్ వెయ్యడం మర్చిపోయిన రోజు ఇంజిన్ పోతుంది. దారి మధ్యలో ఇరుక్కుని ఇంటికి చేరడానికి తాత్కాలికంగా చేసుకుంటే ఒప్పుకుంటాను.

స్పానర్ బాబాయ్
దారి మధ్యలో అయితే ఇంకో చిట్కా. ఏసీ ఆపేసి, హీటర్ ఫుల్ వేడి మీద పెట్టి, బ్లోయర్ ఫుల్లుగా వెయ్యండి. హీటర్ కూడా చిన్న రేడియేటరే, ఇంజిన్ వేడిని కొంత లోపలికి లాగేస్తుంది. మీకు చెమటలు పడతాయి, హెడ్ మాత్రం మిగులుతుంది. ముల్లు ఎర్ర గీత దాకా వెళ్లిపోతే ఇవేం పెట్టుకోకుండా బండి ఆపేయడమే. హీటెక్కిన ఇంజిన్‌లో చన్నీళ్లు పొయ్యొద్దు, హెడ్ పగులుతుంది.

నల్లకారు
మాస్టారూ, దొరికింది. ఫ్యాన్ చట్రం కింద మూలన తీగ చుట్టతో రెసిస్టర్ ఉంది, దానికో కప్లర్ (వైర్లు తగిలించే ప్లగ్గు). ఇవాళ చూసినవి ఇవి.

ఫ్యూజు బాగుంది. రిలేలు రెండూ ఒకే రకం, అటుదిటు ఇటుదటు మార్చి చూశాను. పెద్ద స్పీడు మామూలుగానే పనిచేసింది, తక్కువ స్పీడు మామూలుగానే పనిచెయ్యలేదు, అంటే రిలేలు రెండూ మంచివే అనుకుంటున్నాను. రెసిస్టర్ కప్లర్ పీకి మీటర్‌తో ఓమ్స్ చూస్తే 0.8 వచ్చింది. తెగిపోలేదు కదా? తర్వాత ఇంజిన్ ఆపి, రిలే సాకెట్‌లో 30, 87 పిన్నులు (రిలే పనిచేసినప్పుడు కలిపేవి) వైరుతో కలిపి, పీకిన కప్లర్‌లో వోల్టేజీ చూస్తే 12.4 వచ్చింది. కప్లర్ దాకా కరెంటు బాగానే వస్తోంది, రెసిస్టర్ బాగుంది, కప్లర్ తగిలిస్తే మాత్రం ఫ్యాన్ తిరగదు. ఇంక మిగిలింది మోటారేగా? మెకానిక్ చెప్పిందే నిజమేమో.

మీటరు మాస్టారు
తొందరపడకండి, మీరు చేసిన టెస్టు మంచిదే, తీసుకున్న అర్థమే తప్పు.

కప్లర్ పీకేసి చూసిన వోల్టేజీకి విలువ లేదు. మీటర్ దాదాపు కరెంటే తాగదు. పది తీగలున్న వైరులో తొమ్మిది తెగిపోయి ఒక్కటి మిగిలినా అది 12.4 అనే చూపిస్తుంది. కుళాయి కట్టేసి ఉంటే పైపు ఎంత పూడుకుపోయినా ప్రెషర్ మామూలుగానే కనబడుతుంది, కుళాయి తిప్పితేనే బండారం బయటపడుతుంది. ఇదీ అంతే, ఫ్యాన్‌కి లోడు పడినప్పుడు చూడాలి.

ఓమ్స్ విషయం కూడా చెబుతాను. ఇంత చిన్న రెసిస్టెన్సులకి మామూలు మీటర్లు నమ్మదగ్గవి కావు. ముందు మీటర్ రెండు వైర్లూ ఒకదానికొకటి తాకించి ఎంత వస్తుందో చూడండి, 0.3 వస్తే దాన్ని తీసేసుకోవాలి. అలా చూస్తే మీ రెసిస్టర్ సుమారు అర ఓమ్, బాగానే ఉన్నట్టే.

ఇప్పుడు చెయ్యాల్సింది ఇది. కప్లర్ తగిలించే ఉంచండి. మీటర్ డీసీ వోల్టుల్లో పెట్టి, ఒక ముల్లు కప్లర్ వెనక వైరు పక్కనుంచి గుండుసూదితో లోపలికి, రెండోది రెసిస్టర్ తీగ మొదలయ్యే చోట. రిలే సాకెట్‌లో మళ్లీ కలపండి. కరెంటు పారుతున్నప్పుడు ఆ కప్లర్‌కి అటూ ఇటూ తేడా 0.1, 0.2 వోల్టు మించకూడదు. అలాగే బ్యాటరీ నెగెటివ్‌కీ మోటార్ ఎర్త్ వైరుకీ మధ్య కూడా చూడండి. ఎక్కడ వోల్టేజీ ఎక్కువ మిగులుతుందో కరెంటు అక్కడే ఆగిపోతోందని.

రిలే సాకెట్లో కలిపే వైరు మందంగా ఉండాలి, మధ్యలో ఫ్యూజు ఉంటే మంచిది. చెయ్యి, తువ్వాలు, చొక్కా అంచు ఏదీ రెక్కల దగ్గర ఉండకూడదు. కొన్ని బండ్లలో తాళం తీసేసినా ఫ్యాన్ దానంతటదే మొదలవుతుంది. విప్పే పని ఉంటే బ్యాటరీ నెగెటివ్ తీసేయండి.

రెండో గేరు
మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోవద్దు. నాది దీనికి ఉల్టా. ఫ్యాన్ ఆగనే ఆగదు. బండి ఆపి తాళం జేబులో వేసుకున్నా తిరుగుతూనే ఉంటుంది, రెండుసార్లు తెల్లారేసరికి బ్యాటరీ డౌన్. సెన్సర్ మార్చమంటున్నారు.

స్పానర్ బాబాయ్
ఎండలో లాంగ్ డ్రైవ్ చేసి ఆపాక కొన్ని నిమిషాలు తిరిగి ఆగడం చాలా బండ్లలో మామూలే, ముఖ్యంగా టర్బో ఉన్నవాటిలో. రాత్రంతా తిరగడం మాత్రం మామూలు కాదు.

ఎప్పుడు తిరుగుతోందన్నదే ఆనవాలు. తాళం వేస్తేనే తిరిగి, తీస్తే ఆగిపోతుంటే సెన్సర్ మీద అనుమానం న్యాయమే. సెన్సర్ వైరు తెగితే కంప్యూటర్‌కి వేడి ఎంతో తెలియదు, ఎందుకైనా మంచిదని ఫ్యాన్‌ని ఫుల్ స్పీడులో తిప్పేస్తుంది. చాలా బండ్లలో సెన్సర్ కప్లర్ పీకి చూడటమే ఒక టెస్టు, పీకగానే ఫ్యాన్ తిరిగితే మోటారూ రిలే వైరింగూ అన్నీ బాగున్నట్టే. కానీ నీకు తాళం తీసినా తిరుగుతోంది. రిలేలో కాంటాక్టులు అతుక్కుపోయి ఉంటాయి. రిలే పీకు. ఫ్యాన్ ఆగిపోయి, అదే సాకెట్‌లో అలాంటి ఇంకో రిలే పెట్టినా తిరగకపోతే దొంగ దొరికినట్టే. కొత్త రిలే పెట్టినా తిరుగుతుంటే ఎవరో దానికి ఆర్డర్ ఇస్తూనే ఉన్నారన్నమాట, అప్పుడు వైరింగ్ చూడాలి.

రెండో గేరు
పీకాను. ఆగింది. ఊపితే లోపల టక్కుమనే చప్పుడు కూడా లేదు. అదే రకం ఇంకోటి పెడితే శుభ్రంగా ఉంది. వారం నుంచి బ్యాటరీ తీగ పీకి పడుకుంటున్నాను నేను!

మీటరు మాస్టారు
రిలే మార్చి ఊరుకోకండి. బేరింగు పట్టేసి మోటార్ ఎక్కువ కరెంటు లాగితే కాంటాక్టులు అలా అతుక్కుంటాయి. బ్యాటరీ తీసేసి రెక్కలు చేత్తో తిప్పండి. గరగరమన్నా, పట్టుపట్టుగా తిరిగినా, ఇరుసు అటూ ఇటూ ఊగినా కొత్త రిలే కూడా ఎక్కువ కాలం రాదు.

నల్లకారు
మాస్టారూ!! కప్లర్‌కి అటూ ఇటూ 10.7 వోల్టులు! ఎర్త్ వైపు చూస్తే ఏమీ లేదు, 0.05. అంటే బ్యాటరీ కరెంటంతా ఆ కప్లర్ దగ్గరే చచ్చిపోతోందన్నమాట. ఒక నిమిషం అలా ఉంచి ముట్టుకుంటే వేలు చురుక్కుమంది. విప్పి చూస్తే రెండు పిన్నుల్లో ఒకటి నల్లగా మాడిపోయి ఉంది, చుట్టూ ప్లాస్టిక్ గోధుమ రంగులోకి తిరిగి కరిగింది. మొన్న పీకినప్పుడు ఎదురుగానే ఉంది, టార్చి వేసి లోపలికి చూడలేదంతే.

మీటరు మాస్టారు
అదీ సంగతి. పిన్ను వదులై కొంచెం రెసిస్టెన్సు వచ్చింది, దాంతో వేడెక్కింది, వేడికి ఇంకా వదులైంది, అలా పెరిగి పెరిగి చివరికి మోటార్ తిరగడానికి చాలినంత కరెంటు కూడా పోకుండా అయింది. పెద్ద స్పీడు దారి వేరు కాబట్టి అది బతికింది.

పిన్నుని గీకి, నొక్కి బిగించి వదిలేయొద్దు, రెండు నెలల్లో మళ్లీ వస్తుంది. వైర్లతో సహా కొత్త కప్లర్ వేయించండి, మాడిన వైరుని రాగి మెరుస్తూ కనబడేదాకా కత్తిరించి, అక్కడి నుంచి క్రింప్ (లోహపు తొడుగు వేసి పరికరంతో నొక్కడం) చేయించండి. వట్టి మెలేసి టేపు చుట్టడం ఇక్కడ పనికిరాదు. రెసిస్టర్ వైపు పిన్ను కూడా మాడి ఉంటే రెసిస్టర్ కూడా మార్చాల్సిందే. ఫ్యాన్ చేత్తో తిప్పి చూశారా?

నల్లకారు
చూశాను, నునుపుగా తిరుగుతోంది, ఊపు లేదు. ఒక డౌటు. మెకానిక్ స్కానర్ (బండి కంప్యూటర్‌ని చదివే పరికరం) పెట్టి తప్పు చూపించే కోడ్ ఏదీ లేదన్నాడు. ఇంత మాడిపోతే కోడ్ రావాలి కదా?

నీలి బానెట్
అక్కర్లేదు. పీ0480 లాంటి ఫ్యాన్ కోడ్లు చాలా బండ్లలో రిలే కాయిల్ వైపు తేడా వస్తేనే పడతాయి. కంప్యూటర్ రిలేకి ఆర్డర్ ఇస్తుంది, ఆ ఆర్డర్ వెళ్లిందా లేదా అంతవరకే చూసుకుంటుంది. రిలే తర్వాత ఫ్యాన్ తిరిగిందా, కప్లర్ మాడిందా అనేది దానికి కనబడదు. స్కానర్ ఉంటే కోడ్ల కోసం కాకుండా అసలు టెంపరేచర్ అంకె చూడటానికి వాడండి. డాష్‌బోర్డు ముల్లుని నమ్మకూడదు, చాలా బండ్లలో 80 నుంచి 105 దాకా అది సగం దగ్గరే నిలబడేలా చేసి పెడతారు.

ఇంకో మాట, ఎప్పుడైనా మోటార్ నిజంగానే మార్పించుకునేవాళ్లు ముందు వైపు గ్రిల్ దగ్గర ఒక కాగితం పెట్టి చూడండి. రేడియేటర్ వెనక ఉండే ఫ్యాన్ కాగితాన్ని లోపలికి లాగాలి. నాకు ఒకసారి వైర్లు తారుమారుగా కలిపారు, ఫ్యాన్ ఝామ్మని తిరుగుతోంది, గాలి మాత్రం బయటికి తోస్తోంది. ఆ తప్పు కనుక్కునేసరికి తల ప్రాణం తోకకొచ్చింది.

నల్లకారు
పని అయిపోయింది. కొత్త కప్లర్, రెసిస్టర్ రెండూ వేయించాను, మోటార్ పాతదే. ఏసీ వెయ్యగానే ఫ్యాన్ మెత్తగా మొదలవుతోంది. గంటసేపు ట్రాఫిక్‌లో కావాలని తిరిగాను, స్కానర్‌లో 98 దాటలేదు. మాడిన కప్లర్ మెకానిక్‌కి చూపించి 12.4, 10.7 కథంతా చెబితే మొదట నవ్వాడు, తర్వాత మీటర్ అడిగి తీసుకుని ఇంకో బండి మీద తనే చూసుకున్నాడు. పాపం మనిషి మంచివాడే.

ఎల్‌బోర్డు
కంగ్రాట్స్ అన్నా. బాబాయ్, మీరన్నారని మైలేజీ లెక్కపెట్టాను, బాగానే పడిపోయింది. మరి ఆ థర్మోస్టాట్ మళ్లీ పెట్టించెయ్యాలంటారా? పాతది ఎక్కడో డిక్కీలోనే ఉండాలి.

స్పానర్ బాబాయ్
ముందు అది గిన్నెడు నీళ్లలో వేసి మరగబెట్టు. నీళ్లు మరిగేలోపు తెరుచుకుని, చల్లారాక మూసుకుంటే పెట్టించు. లేకపోతే కొత్తది, కొత్త రబ్బరు రింగుతో. నీళ్లు నింపాక గాలి తియ్యడం మర్చిపోకు, లేదంటే రేపు ఫ్యాన్ తిరగట్లేదని నువ్వే ఇంకో థ్రెడ్ మొదలెడతావు.